అత్త కాలికి నామకరణం

నేను కొత్తగా ఉద్యోగంలో చేరిన రోజుల్లో, బిలాస్‌పూర్‌లో సగం మందికి ఏ జబ్బు చేసినా ముందు డాక్టరుకి, ఆ తర్వాత నాకు తెలిసేది. అది గొప్ప ఉద్యోగమని అనుకున్నది మాత్రం నేనొక్కదాన్నే. దయాల్‌బంద్‌లో ఒక చిన్న నర్సింగ్ హోమ్, దాని మెట్ల కింద గది, ఆ గదిలో ఫ్యాను గాలి తగలని కుర్చీ నాది. (తగిలే కుర్చీ నాకంటే రెండు నెలలు వెనక చేరినామెకి ఇచ్చారు. మరిచిపోలేదు.) డాక్టరు రాసిన జబ్బు పేరు చూసి దానికి సరిపడే కోడ్ వెయ్యడం నా పని. ప్రతి జబ్బుకీ ఒక అక్షరం, కొన్ని అంకెలు ఉంటాయి. రైలుబండికి నంబరున్నట్టే అని మావయ్యకి చెబితే, "అయితే ఎంత లేటో కూడా రాస్తారేటి?" అన్నాడు. రిటైరైన రైల్వే గార్డు గనక ఆయనకి లోకమంతా టైమ్‌టేబులే. ఇక్కడో చిక్కుంది. డాక్టరు "సిరల్లో తేడా" అని రాసి ఊరుకుంటే, అది ఏ తేడానో మేం ఊహించకూడదు. ఐ ఎనభై ఏడు పాయింట్ తొమ్మిది వెయ్యాలి. సిరలకి ఏదో అయింది, ఏమిటో చెప్పలేదు అని దానర్థం. రాసింది రాసినట్టు, రాయనిది లేనట్టు. మా వృత్తికి అదే వేదం.

మా సీనియర్‌ని చాటుగా పెన్సిల్ సార్ అనేవాళ్ళం. చెవిమీద పెన్సిల్ లేకుండా ఆయన్ని ఎవరూ చూడలేదు. ఒకరోజు నా ఫైళ్ళు తిరగేసి, కాళ్ళ జబ్బులన్నిటికీ ఆ పాయింట్ తొమ్మిదే కనిపించేసరికి, అందరూ టీ తాగుతుండగా, 'తెలీదు' అని రాయడానికి డిగ్రీ చదివిన అమ్మాయెందుకు, గేటు దగ్గర చౌకీదారు చాలడా అని హిందీలో అన్నారు. అందరూ నవ్వారు. ఎవరు ఎంతసేపు నవ్వారో ఇప్పటికీ చెప్పగలను. వాళ్ళలో ఒకామె పెళ్ళికి నేను వెళ్ళలేదు, ఎందుకు రాలేదో ఆమెకి ఈనాటికీ తెలియదు. తెలియకపోవడమే ఆమెకి శిక్ష.

సరిగ్గా ఆ వారమే మా మేనత్త ఫైలు నా బల్లమీదికొచ్చింది. మా మేనత్త అంటే కుదుదండ్‌లో ఒక ఇల్లాలు మాత్రమే కాదు. దసరాకి రైల్వే కాలనీలో మన తెలుగువాళ్ళు వేసే అమ్మవారి పందిరి వెనక, వంటశాలకి మహారాణి. ఆవ పెట్టిన పులిహోర ఆవిడ చేత్తో కలిపితేనే ప్రసాదం, లేకపోతే ఉత్త అన్నం. ఆ గరిటె కోసం ఏళ్ళ తరబడి కాచుక్కూర్చున్న మనిషి ఒకరున్నారు. వడపప్పులో కూడా జీడిపప్పు వేస్తుంది గనక ఆవిడకి జీడిపప్పు పిన్ని అని పేరు. అన్నేళ్ళు పొయ్యి దగ్గర నిలబడి నిలబడి అత్త చీలమండలు వాచి, పిక్కలమీద నీలం తాళ్ళు పేనినట్టు ఉబ్బాయి. డాక్టరు చూశాడు, స్కాన్ తీయించాడు, అంతా చేసి "వెయిన్ ప్రాబ్లం" అని రెండు ముక్కలు గిలికాడు. మళ్ళీ పాయింట్ తొమ్మిది!

ఇంక నేను ఊరుకోదలుచుకోలేదు. వివరం కావాలని డాక్టరుకి చీటీ పంపాను, జవాబు లేదు. ఇంకోటి పంపితే దానిమీద టీ కప్పు పెట్టుకున్నాడట. వెళ్ళి ఆయన గది బయట నిలబడ్డాను. "క్యా బిటియా, టైపింగ్‌లో ఏమైనా అనుమానమా?" అన్నాడు. టైపింగ్! ఆ జబ్బు పేరు నా నాలుక చివరే ఉంది. కానీ డాక్టరు నోట్లో మేం మాట పెట్టకూడదని రూలు. "ఏ తేడా సార్?" అని మాత్రమే అడగొచ్చు. "అదే, వెయిన్ తేడా," అంటాడాయన. ఇలా రోజుకొకసారి మా ఇద్దరికీ ఈ సంభాషణ జరిగేది. చివరికి ఆయన టిఫిన్ డబ్బాతో కారెక్కబోతుంటే అడ్డంగా నిలబడ్డాను. విసుక్కుని, కారు బానెట్ మీదే ఫైలు పెట్టి, క్రానిక్ వీనస్ ఇన్‌సఫిషియెన్సీ అని బరికి, కింద 'ఎక్కువసేపు నిలబడకూడదు' అని కూడా రాశాడు. (రెండోది నాకు చెప్పాడేమోనని ఒక అనుమానం.) పాయింట్ తొమ్మిది పోయి, కాళ్ళలో దిగిన రక్తం పైకెక్కని జబ్బుకుండే పాయింట్ రెండు వచ్చింది. ఫైలు పెన్సిల్ సార్ ముందు పెట్టాను. ఆయన చెవిమీంచి పెన్సిల్ తీసి, టిక్కు పెట్టి, మళ్ళీ చెవిమీద పెట్టుకున్నారు. దాన్ని నేను క్షమాపణ కిందే జమకట్టాను.

అత్త ఆనందం చూడాలి. అందరికీ ఉన్నట్టు ఒట్టి కాళ్ళనొప్పులు కావమ్మా అని కూరల బజారు నుంచి గుడి దాకా ఆ పేరు ఊరేగించింది. దసరా పనుల మీటింగులో జీడిపప్పు పిన్ని, మెత్తగా, పాలల్లో తడిపిన గొంతుతో అంది: "అయ్యో వదినా, అంత పెద్ద జబ్బెట్టుకుని పొయ్యికాడ నిలబడతావేటి? నువ్వలా కుర్చీలో కూకో. గరిటె నేను చూసుకుంటాను." డాక్టరే రాశాడు కదా అని పెద్దలంతా తలలూపారు.

అత్త తిన్నగా మా క్వార్టర్‌కి వచ్చింది. మంచినీళ్ళు కూడా ముట్టలేదు. "పేరు లేనన్నాళ్ళూ నా కాళ్ళు నా మాటిన్నాయి. నువ్వు పేరెట్టావు, నా గరిటె పోయింది. తీసెయ్యి."

డాక్టరు రాసింది నేను కొట్టెయ్యలేనని చెప్పాను. మా వేదం కూడా వల్లించాను, రాసింది రాసినట్టు, రాయనిది లేనట్టు అని.

అత్త కొంగు నడుంలో దోపడం ఆపింది. "అచ్ఛా. రాయనిది లేనట్టేనా?"

"అంతే అత్తా."

"మరి వంట చెయ్యొద్దని రాశాడేటి?"

"లేదు."

"గరిటె పట్టొద్దనీ?"

"లేదు."

అప్పుడు మంచినీళ్ళు తాగింది.

పండగనాడు పొయ్యిల పక్కన ఒక నల్లటి ఇనపపెట్టె వెలిసింది. సర్వీసంతా మావయ్యతో పాటు రైలు చివరి బ్రేక్‌వ్యాన్‌లో తిరిగిన గార్డు పెట్టె అది. దానిమీద అత్త పీఠం వేసుకు కూచుని, ముందు పులిహోర బేసిను, చేతిలో గరిటె. జీడిపప్పు పిన్ని వచ్చి, వదినా నువ్వు నిలబడకూడదు కదా అంటే, అత్త తల ఎత్తకుండా, "కూకునే ఉన్నాను గదా," అంది. ప్రసాదం దిగగానే మావయ్య ఎక్కడినుంచో పాత పచ్చజెండా తెచ్చి ఊపాడు. పెట్టెని మెచ్చుకున్నారు, జెండాని మెచ్చుకున్నారు. వేదం చెప్పిన నాకు మాత్రం ఆఖరి పొట్లం అందింది, పోపు తగలని మూల.

ఇప్పుడు పెన్సిల్ సార్ కుర్చీలో నేనున్నాను. ఫ్యాను గాలి బాగా తగులుతుంది. గరిటె కూడా నిరుడు నా చేతికే వచ్చింది. అత్త పక్కన కుర్చీ వేసుకుని ఉప్పు చాల్లేదని చెబుతుంది, చాలినా చెబుతుంది. మొన్న నా పిక్క సలుపుతోందని చూపించుకుంటే డాక్టరు రెండు ముక్కలు రాశాడు, "వెయిన్ ప్రాబ్లం" అని. నా దగ్గర కొత్తగా చేరినమ్మాయి ఆ ఫైలు పట్టుకుని, మేడమ్, ఏ తేడానో డాక్టర్ని అడగనా అంది. ఒకప్పుడు కారుకి అడ్డంగా నిలబడ్డ నాలోని మొండిపిల్ల ఎదురుగా కనిపించినట్టయింది. ఆ పిల్లంటే నాకిప్పటికీ ముద్దే, తను చేసిందీ నూటికి నూరుపాళ్ళూ సరైనదే. కానీ వచ్చే వారం దసరా, జీడిపప్పు పిన్ని కోడలు ఇప్పటికే నా నడక కనిపెట్టి చూస్తోంది.

"వద్దమ్మా," అన్నాను. "పాయింట్ తొమ్మిదే ఉండనీ."