నలభై రెండో నంబరు మావయ్య

మా మావయ్యకి వరసక్రమం పిచ్చి. పెళ్లి ఫోటోలో ఎవరి పక్కన ఎవరు నిలబడాలో పుట్టిన తేదీలు అడిగి మరీ నిలబెట్టేవాడు. అన్నాల దగ్గరా అదే గోల. "ఆకలి ప్రకారం వడ్డిస్తాను, నోరు మూసుకుని కూర్చోండి," అని అత్తయ్య కసిరితే, "రూల్స్ ఒప్పుకోవే," అనేవాడు. మేం పడీపడీ నవ్వేవాళ్లం. కానీ ఆ పిచ్చి ఆయనకి పుట్టుకతో వచ్చింది కాదు, పోలీసు డిపార్టుమెంటు పట్టించింది.

ఆయన హెడ్ కానిస్టేబులు. పంతొమ్మిదేళ్ల కిందట డిపార్టుమెంటు వేసిన సీనియారిటీ జాబితాలో ఆయనది నలభై రెండో నంబరు. నలభై ఒకటి ఆయన ప్రాణస్నేహితుడిది. ఇద్దరూ ఒకే రోజు ఉద్యోగంలో చేరారు, శిక్షణలో మార్కులూ సమానమే. అలాంటప్పుడు వయసులో పెద్దవాడే సీనియర్ అని రూలు. కాగితాల ప్రకారం స్నేహితుడు మూడు నెలలు పెద్ద. అంతే, ఆ లెక్క తప్పు, సీనియర్ని నేనేనని మావయ్య కోర్టుకెక్కాడు. ఆ రోజు నుంచి మా ఇంట్లో ఆ స్నేహితుడికి 'నలభై ఒకటి' అనే పేరు స్థిరపడిపోయింది.

ఇంత కొట్లాటలోనూ వాయిదాలకి ఇద్దరూ ఒకే బండి మీద వెళ్లేవాళ్లు. నడిపేది ఎప్పుడూ మావయ్యే. వెనక కూర్చునేవాడు జూనియర్ అని ఆయన సిద్ధాంతం. నలభై ఒకటికి ఇవేం పట్టేవి కావు. అత్తయ్య ఇచ్చిన టిఫిన్ డబ్బా ఒళ్లో పెట్టుకుని, దారిలోనే సగం లాగించేసేవాడు.

రెండేళ్ల కిందట ఒకే ఒక్క ఎస్సై పోస్టు ఖాళీ అయింది. జాబితా ప్రకారం అది నలభై ఒకటికి వెళ్లింది. ఇక స్టేషన్లో మావయ్య అతనికి సెల్యూట్ కొట్టక తప్పలేదు. కళ్లు మూసుకుని కొట్టేవాడట! అతను మాత్రం ఎప్పట్లాగే "ఏరా" అనేవాడు. కేసు వేసిన కొత్తలోనే మావయ్య కొనిపెట్టుకున్న నాలుగు ఎస్సై స్టార్లు, భుజానికి రెండు చొప్పున, అత్తయ్య సూదుల డబ్బాలో మూలుగుతూనే ఉన్నాయి. "ఒక్క పూట ఇవి పెట్టుకుని నలుగురిలో నడిస్తే చాలే," అన్నాడు ఓసారి నాతో. ఆ మాటకి నాకు ఏడుపొచ్చింది.

మావయ్య లాయరు దగ్గర నేనే గుమాస్తాని. ఓరోజు మా అమ్మ నోరు జారింది. మావయ్యని బళ్లో వేసేటప్పుడు తాతయ్య వయసు ఏడాది తగ్గించి రాయించాడట! నేను ఊరుకుంటానా? ఆసుపత్రి పాత రిజిస్టర్లు తవ్వించి, నకలు సంపాదించాను. అసలు తేదీ ప్రకారం మావయ్యే తొమ్మిది నెలలు పెద్ద! ఇంట్లో ఒకటే కేకలు. ఆనందం పట్టలేక మావయ్య నన్ను ఎత్తుకోబోయి నడుం పట్టేసుకున్నాడు. ఆ హడావిడిలో మా లాయరుతో సహా ఎవరికీ ఇంకేమీ తట్టలేదు.

తట్టింది డిపార్టుమెంటు లాయరుకి. వాయిదా రోజు మావయ్య యూనిఫాంలో వచ్చాడు, గెలుపు చూడాలని అత్తయ్యా వచ్చింది. ఆ లాయరు నింపాదిగా లేచాడు. "ఈ తేదీ మేం ఒప్పుకుంటున్నాం. అయితే రిటైర్మెంటుకి కూడా ఇదే తేదీ కదండీ? ఆ లెక్కన ఈయన ఏడు నెలల కిందటే రిటైరయ్యాడు."

నేను వేళ్ల మీద లెక్క కట్టి చూశాను, నిజమే. జడ్జిగారు నవ్వు ఆపుకోలేక ఫైలు మొహానికి అడ్డం పెట్టుకున్నారు.

"మనిషికి రెండు పుట్టినరోజులు కుదరవు," అన్నారు చివరికి. "పాత తేదీ అయితే మీరు నలభై రెండే, ఇంకా అయిదు నెలలు ఉద్యోగం ఉంది. కొత్త తేదీ అయితే సీనియర్ మీరే. రెండేళ్ల కిందటే ఎస్సై అయినట్టు లెక్క, కానీ కాగితం మీదే. ఈరోజే ఇంటికి. పది నిమిషాలు ఆలోచించుకోండి."

వరండాలో నలభై ఒకటి మావయ్య చొక్కా పట్టుకున్నాడు. "ఏరా, బుర్ర ఉందా? పాత తేదీ ఉంచుకో. రెండు నెలల్లో నేను రిటైరైతే ఆ పోస్టు నీదే. మూడు నెలలు నిజం స్టార్లు పెట్టుకోవచ్చు!"

నేనూ అదే అన్నాను, బతిమాలాను. మావయ్య స్టార్ల కోసమేగా ఇన్నేళ్లు తపించింది!

"పంతొమ్మిదేళ్లు నేనే సీనియర్నని గొంతు చించుకుని, ఇప్పుడు కాదని సంతకం పెట్టనా?" అని మావయ్య గిర్రున లోపలికెళ్లాడు. గెలిచాడు. రిటైరయ్యాడు. రెండూ ఒక్క నిమిషంలో!

అందరం బయటికొచ్చాం. అత్తయ్య సంచిలోంచి సూదుల డబ్బా తీసి, ఆయన భుజాల మీద నాలుగు స్టార్లూ గుచ్చింది. "ఇన్నేళ్లూ ఊరికే దాచానా?" అంది, ముక్కు ఎగబీలుస్తూ.

"రిటైరైనవాడు యూనిఫాం వేసుకోవడం తప్పు," అన్నాడు నలభై ఒకటి. "నేను అరెస్టు చెయ్యాలి."

ఆ పైన మడమలు కొట్టి, ఠపీమని సెల్యూట్ చేశాడు. "బండి దాకా నడవండి సార్. నేను చూడలేదు."

మావయ్య నడిచాడు. కోర్టు ఆవరణంతా, జనం మధ్యలోంచి, ఛాతీ విరుచుకుని. నలభై ఒకటి ఒక అడుగు వెనకే నడిచాడు. నేనూ అత్తయ్యా ఏడుస్తున్నామో నవ్వుతున్నామో మాకే తెలియలేదు.

బండి దగ్గర మావయ్య తాళం తియ్యబోతే నలభై ఒకటి చెయ్యి చాపాడు.

"ఇటివ్వండి సార్. ఆఫీసర్లు బండి నడపరు."

మావయ్య ఒక్క క్షణం ఆలోచించాడు. తాళం ఇచ్చేశాడు. పంతొమ్మిదేళ్లలో మొదటిసారి వెనక కూర్చుని, టిఫిన్ డబ్బా ఒళ్లో పెట్టుకున్నాడు.