బండ కింద మూడు దెబ్బలు

మా మేనమామ పోయినాడని పోయిన నెల డోన్‌లో కబురందింది. నేను రైలు పట్టాల పనిలో ఉండగా, బద్వేలు నుంచి వచ్చిన బావమరిది చెప్పినాడు. రొమ్ములో దుమ్ము చేరి, దగ్గి దగ్గి పోయినాడట. బావులు తవ్వేవాళ్ళలో శానామంది పోయేది అట్లే. ఆయన తవ్విన బావుల నీళ్ళు తాగినవాళ్ళు మీలోనూ ఉండొచ్చు.

ఆ పని నేనూ ఆయన దగ్గరే నేర్చుకున్నాను. నాకు పెళ్ళయిన ఏడాది, ఒక చేన్లో ఇద్దరం బావి అడుగున ఉండగా పైన గోడ విరిగి పడింది. పెద్ద బండ ఒకటి అడ్డం పడి, దాని కింద మేం ముడుచుకుని కూర్చునేంత సందు మిగిలింది. నేను గొంతు పోయేలా అరిచినాను. మామ నా నోటి మీద చెయ్యి పెట్టినాడు.

"అరవద్దప్పా. నువ్వు అరుస్తాంటే పైవాళ్ళ చప్పుడు మనకు యాడ వినపడుతుంది?"

గడ్డపారతో బండ మీద మూడు దెబ్బలు కొట్టి ఆగేవాడు. విని, మళ్ళీ మూడు. దెబ్బలకు దెబ్బలకు నడుమ నా గుండె చప్పుడు తప్ప ఏమీ లేదు.

"పైన ఎవరూ లేరు మామా."

"ఉండారు. అందరూ ఒకేసారి మాట్లాడుతాండారు, అంతే."

నిజంగా అంతే. ఊరంతా చేరి ఏడుస్తాంటే మా అత్త అందరినీ గదమాయించి నోరు మూయించిందట. నేలకు చెవి ఆనించి పడుకుందట. మొదట వినింది ఆమే. పైనుంచి మూడు దెబ్బలు తిరిగి వచ్చినప్పుడు, ఆ చీకట్లో మామ ఏడవడం విన్నాను. మరుసటి రోజు పొద్దెక్కినాక మమ్మల్ని తీసినారు.

ఆ తర్వాత ఆయన ఇంట్లో తలుపు వేయనిచ్చేవాడు కాదు. చలికాలమైనా మంచం వాకిట్లోనే. మళ్ళీ బావిలోకి దిగలేనని చెప్పడానికి నేను సిగ్గుపడి తప్పించుకు తిరుగుతాంటే, ఆయనే పిలిచినాడు.

"మనసులో ఏముండాదో చెప్పు. వింటా."

చెప్పినాను. ఒక్క మాట అడ్డం రాకుండా విన్నాడు.

"పో అప్పా, రైలు పని చూసుకో."

"మరి నువ్వు?"

"నాకు ఇది తప్ప ఏం వచ్చు?"

తలుపు వేస్తే ఊపిరాడని మనిషి, ఆ పైన పదేళ్ళు బావుల్లోకి ఎట్లా దిగినాడో నేను ఏనాడూ అడగలేదు.

దినాలయినాక అత్త నన్ను ఆయన చివరి బావి దగ్గరికి తీసుకుపోయింది. నీళ్ళు పడలేదు. దిగడానికి గోడలో తొలిచిన మెట్లు కిందికంటా కనపడుతున్నాయి. అట్టడుగుది సగమే తొలిచి ఉంది. మొదటి మెట్టు మీద ఒక కాలు పెట్టినాను. రెండో కాలు దించలేకపోయినాను. అత్త నా చెయ్యి పట్టుకుని అట్లే నిలబడింది.