జిగురు ఆరేదాకా చదివే మనిషి

మా బావ చదువంతా జిగురు ఆరేదాకానే. మా లైబ్రరీలో ఇరవయ్యారేళ్లుగా ఆయన బైండరు. ఒక పుస్తకానికి కుట్టు వేసి, అట్టకి జిగురు రాసి, ప్రెస్సులో బిగించాక అది ఆరడానికి గంటో గంటన్నరో పడుతుంది. ఆ కాసేపు చేతులు ఊరుకోవు కనక వరసలో తర్వాతున్న చిరుగుల పుస్తకం తీసి, ఎక్కడ తెరుచుకుంటే అక్కణ్నుంచి చదువుతాడు. జిగురు ఆరిందా, చదువు ఆగిపోతుంది, వాక్యం మధ్యలో ఉన్నా సరే. చిరగని పుస్తకం ఆయన ఇంతవరకూ చదివి ఎరగడు.

నేను అదే లైబ్రరీలో కౌంటరు దగ్గర కూర్చుంటాను. ఆయన మా అక్క మొగుడు. మా రెండిళ్లకీ మధ్య ఒక్కటే గోడ. అంటే పొద్దున్నుంచి సాయంత్రం దాకా ఆఫీసులోనూ, ఆ తర్వాత గోడ అవతలా ఈ మనిషి కబుర్లు వినే భాగ్యం లోకంలో నాకొక్కదానికే దక్కింది. మా అక్కకి అందులో సగమే. కాబట్టి ఆయన గురించి చెప్పే హక్కు నాకుంది. ఏడిపించే హక్కు మరదలిగా ఎలాగూ ఉంది.

మా లైబ్రరీకి ఎదురుగా డిజైను కాలేజీ ఉండబట్టి, డిజైనర్ల జీవిత చరిత్రలకని మా దగ్గర ప్రత్యేకంగా ఒక బీరువా ఉంది. కుర్చీలకీ, దీపాలకీ, అచ్చక్షరాలకీ, చివరికి రైళ్ల టైంటేబుళ్లకీ కూడా రూపం కనిపెట్టి పేరు తెచ్చుకున్నవాళ్ల బతుకులు, పనులు. మొత్తం ముప్పయ్యొక్క పుస్తకాలు. ప్రతి దాంట్లోనూ నున్నటి కాగితం మీద బొమ్మలుంటాయి. కాలేజీ పిల్లలకి ఆ బొమ్మలంటే ప్రాణం. ఎంత ప్రాణమంటే బ్లేడు పెట్టి కోసుకుపోతారు. ఒక కాగితం కోస్తే కుట్టులో దాని జోడు కాగితం కూడా వదులై ఊడుతుంది. అందుకని ఆ బీరువాలో పుస్తకాలన్నీ తిరిగి తిరిగి బావ బల్ల మీదికే వచ్చేవి, వాటినే ఆయన అన్నిటికంటే ఎక్కువ చదివాడు.

చదివి ఊరుకున్నాడా? వాళ్లందర్నీ చుట్టాల్ని చేసేసుకున్నాడు. ఆ పేర్లు నోరు తిరగవని కుర్చీలాయన, అక్షరాలాయన, దీపాలావిడ అని పిలుచుకుంటాడు. అన్నం తింటూ తింటూ ఆగి, "పాపం, కుర్చీలాయన మొదటి పెళ్లాం ఎంత ఓర్చుకుందో!" అంటాడు.

"తర్వాతేమైంది?" అంటుంది అక్క.

"తెలీదు. జిగురు ఆరిపోయింది."

ఎవరో ఒకావిడ వంటగదిలో ఆడవాళ్లు వేసే అడుగులు లెక్కపెట్టి, దాన్నిబట్టి అలమరలు అమర్చిందని చదివిన వారం, కాగితం పెన్సిలు పట్టుకుని అక్క వెనకాలే తిరిగాడు. "పొయ్యి దగ్గర్నుంచి పంపు దాకా ఆరు, మళ్లీ ఆరు. రోజుకి రెండు కిలోమీటర్లు నడుస్తున్నావోయ్!" అని ఒకటే ఇదైపోయాడు. "నడిచేది నేనూ, ఆయాసపడేది మీరూనా? ఆ కాగితం అక్కడ పడేసి ఆ గిన్నె ఇటందుకోండి, నాకో పన్నెండడుగులు తగ్గుతాయి" అంది అక్క. గిన్నె అందించి, మర్చిపోకుండా పన్నెండూ కొట్టేశాడు మహానుభావుడు.

ఇలా నడుస్తుండగా మాకు కొత్త లైబ్రేరియన్ మేడం వచ్చింది. చెడ్డమనిషేం కాదు, పద్ధతి మనిషి. వచ్చిన వారానికే అన్ని బీరువాలూ చూసి, పేజీలు పోయిన పుస్తకాలన్నీ జాబితా నుంచి కొట్టేసి పాత కాగితాల కింద పంపించేస్తామంది. డిజైను బీరువా దగ్గర కాస్త ఎక్కువసేపే నిలబడింది. ఒక్కటంటే ఒక్క పుస్తకమూ పూర్తిగా లేదక్కడ. తనిఖీకి మూణ్నెల్లు గడువిచ్చింది.

"పోయినచోట తెల్లకాగితం అతికిస్తే సరిపోద్దా మేడం?" అని అడిగాడు బావ.

"సరిపోదండీ. అక్కడ ఏముండాలో అది ఉండాలి" అంది.

కొట్టేసిన పుస్తకాల అట్టలూ గుడ్డా ఊడదీసి ఒట్టి కాగితాలే పంపాలని రూలు. ఊడదీయాల్సింది బైండరు. ఆ సాయంత్రం బావ ఇంటికొచ్చి చెప్పులు విప్పకుండా కుర్చీలో కూలబడ్డాడు. "ముప్పయ్యొక్కటీ నేను కట్టినవే. ఇప్పుడు నా చేత్తోనే వలిపిస్తారంట" అన్నాడు. నా నాలిక చివర దాకా ఒక వేళాకోళం వచ్చింది. మింగేశాను. ఆయన మొహం అలా ఉండటం నేనెప్పుడూ చూడలేదు.

మర్నాడు పొద్దున్నే గోడ అవతల్నించి కేక. "మరదలా! ఏముండాలో అది ఉండాలంది కదా. గీసేద్దాం!"

నలభై నాలుగు బొమ్మలు. ఈయనకి స్కేలు పెట్టి గీత గీయడం తప్ప వేరే విద్య రాదు. చేత్తో సున్నా చుడితే వంకాయలా వస్తుంది. నేను జాలిపడి, "నా ఫోన్లో వెతికితే అసలు బొమ్మలు దొరుకుతాయి బావా, చూసి దింపుకో" అన్నాను. ఒంటికాలి మీద లేచాడు.

"దీపాలావిడ గీసే రోజున ఆ దీపం ఉందా లోకంలో?"

"లేదు."

"మరి నాకెందుకే? పక్క పేజీలో వివరంగా రాశారుగా. చదివి గీస్తా."

వింటాడా? వినడు. ఫోను దగ్గరికి తెస్తే కళ్లు మూసుకునేవాడు. మొదట వేసిన కుర్చీని చూసి అక్క, "ఆవా, గేదా?" అంది. ఉక్రోషపడి, "వెన్ను ఆనితే మోకాళ్లు తేలిక పడాలి" అని పుస్తకంలో ఉందని, ఇంట్లో ఉన్న ప్రతి కుర్చీలోనూ అక్కని పదేసిసార్లు కూర్చోబెట్టి లేపాడు. "బొమ్మ వచ్చేలోపు నా మోకాళ్లు పోయేలా ఉన్నాయి" అని అక్క నాతో మొత్తుకుంది గానీ, పిలిచినప్పుడల్లా వెళ్లి కూర్చునేది.

అన్నిటికంటే ఆయన్ని ఏడిపించింది దీపాలావిడ. చూపు తగ్గిన వాళ్లమ్మ కుట్టుపని చేసుకోడానికి ఆవిడ చేసిన మొట్టమొదటి దీపం అది. "ఒక్క వేలితో తోస్తే కదలాలి. వేలు తీస్తే అక్కడే ఆగాలి. వెలుగు చేతిమీద పడాలి గానీ కంట్లో పడకూడదు" అని రాసుంది, అంతే. బావ ఇరవైరెండుసార్లు గీసి చించాడు. ఆఖరికి, మేం అంటించిన పుస్తకాల మీద బరువుగా పెట్టే ఇనప దిమ్మని ఆ దీపం వెనకవైపు వేలాడదీశాడు. దిమ్మ బరువూ దీపం బరువూ సరిపోయి, నిజంగానే ఆగుతుందనిపించింది. కింద ఒక ముసలి చెయ్యి, సూదీ గీశాడు. బాగుందండీ. చాలా బాగుంది. ఆ మాట ఆయనతో అనలేదు నేను. "దిమ్మ మీద దుమ్ము గీయడం మర్చిపోయావు బావా, గుర్తుపట్టలేకపోయాను" అన్నాను.

ప్రతి బొమ్మ కిందా చిన్న అక్షరాలతో "అసలు బొమ్మ పోయింది. పక్క పేజీ చదివి గీసినది. బైండరు" అని రాసి అతికించాడు. అతికించినవి అతికించినట్టు బీరువాకి వెళ్లిపోయేవి, పిల్లలు మామూలుగానే తీసుకెళ్లేవాళ్లు.

తనిఖీ రోజు మేడం బైండింగు గదికే వచ్చింది. ముందు కుర్చీలాయన పుస్తకం తెరిచి, బొమ్మ చూసి, కళ్లజోడు సర్దుకుంది.

"ఇది ఆ కుర్చీ కాదు కదండీ?"

"కాదు మేడం. కింద రాశాను."

ఆవిడ కింద రాసింది చదివింది. పక్క పేజీ చదివింది. మళ్లీ బొమ్మ చూసింది. బావ జిగురు బ్రష్షు పట్టుకుని కొయ్యబారిపోయాడు. "ఉండాల్సింది లేదు. కానీ ఏం పోయిందో ఇది చూస్తే తెలుస్తోంది. ఉంచండి" అని టిక్కు పెట్టింది. ఒకటి, రెండు, పది, ఇరవై. ముప్ఫై పుస్తకాలు గట్టెక్కాయి. ఒకచోట నవ్వింది కూడా, ఏ బొమ్మకో నాకు కనబడలేదు.

ఆఖరిది దీపాలావిడ. ముందురోజే తిరిగొచ్చింది. వచ్చిన పుస్తకం పేజీలు తిప్పి చూడాల్సిన పని నాది. ఆ రోజు కౌంటరు దగ్గర జనం ఎక్కువుండి చూడలేదు. తప్పు నాదే.

మేడం బావ గీసిన బొమ్మ ఉండాల్సిన చోట ఆగింది. కాగితం లేదు. కుట్టు దగ్గర సన్నటి అంచు మాత్రం మిగిలింది. "ఇందులో పేజీ లేదు" అంది.

బ్లేడు పట్టినవాళ్లని బావ ఇరవయ్యారేళ్లుగా తిట్టే తిట్లు నాకు కంఠతా వచ్చు. ఇప్పుడు మేడం ముందు ఏమంటాడో అని భయమేసింది. ఆయన పుస్తకం తీసుకుని, తెగిన అంచు మీద బొటనవేలు నడిపాడు. ముందు పేజీ తిప్పాడు. తర్వాత పేజీ తిప్పాడు. ఆ రెండుచోట్లా పుస్తకంతో పాటు అచ్చయిన అసలు దీపాల బొమ్మలు, రంగుల్లో, నిగనిగలాడుతూ, చెక్కుచెదరకుండా ఉన్నాయి.

"ఇవి రెండూ వదిలేసి... దాన్నా?" అన్నాడు.

"జాబితా ఇవాళే పంపాలండీ. దీన్ని కొట్టేయక తప్పదు" అంది మేడం, కాస్త నొచ్చుకుంటూనే.

"కొట్టేయండి మేడం, కొట్టేయండి" అన్నాడు. మొహం చూస్తే ఆపుకోలేని నవ్వు. చెవులు కూడా ఎర్రబడ్డాయి.

ఆవిడ వెళ్లాక ఆ పుస్తకం అట్టలు బావే ఊడదీశాడు. గుడ్డ తడిపి, మెల్లగా, కాగితం ఒక్కటీ చిరగకుండా. నవ్వు పోయింది, కళ్లల్లో నీళ్లు తిరిగాయి, మళ్లీ నవ్వు వచ్చింది. నాకు ఒళ్లు మండిపోయింది. ఆయన మీదా, నా మీదా, ఆ కోసిన చేతుల మీదా. గబగబా కౌంటరుకి వెళ్లి రిజిస్టరు తెచ్చాను.

"ఇదిగో బావా, దొరికింది. మూడో ఏడాది అమ్మాయి. రేపు పొద్దున్నే పిలిపించి కార్డు రద్దు చేయిస్తా."

"కార్డు జోలికెళ్లకు" అన్నాడు తలెత్తకుండా. కాగితాల కట్టకి దారం చుట్టి ముడేశాడు. "ఊరికే కనుక్కో. ఏ గోడకి పెట్టుకుందో. కిటికీ ఎదురుగా మాత్రం వద్దని చెప్పు, ఎండకి వెలిసిపోద్ది."