బొమ్మల సినిమాలో బుడ్డోడు, మా ఇంట్లో తమ్ముడు

నాకు కుళ్లు పుట్టించిన మొదటి మగపిల్లాడు మా తమ్ముడు. రెండోవాడు తెరమీది బొమ్మ.

నా తర్వాత పుట్టినవాళ్లు పురిట్లోనే పోయారు. అందుకని తమ్ముడు పుట్టగానే అమ్మ వాణ్ని చాటలో పడుకోబెట్టి పెంటకుప్ప మీద పెట్టింది. శామీర్‌పేటలో నేను ఖాలా అని పిలిచే పక్కింటి సాయిబులామె వాణ్ని ఎత్తుకుని, ఈ బిడ్డ తనకు దొరికాడంది. అమ్మ ఆమెకు చాటెడు తవుడు పోసి కొనుక్కుంది. అలా కొన్న బిడ్డ జోలికి చావు రాదని మావాళ్ల నమ్మకం. కొన్నాక వాణ్ని గుండెకు హత్తుకుని అమ్మ ఏడ్చిన ఏడుపు చూడాలి! నాకోసం ఎప్పుడన్నా అలా ఏడ్చిందా? నాకు ఒళ్లు మండిపోయింది.

కొడుకు పుట్టిన సంబరంలో బాపు నన్ను మేడ్చల్ వారపు అంగడికి తీసుకుపోయాడు. అక్కడ డేరాలో పాత మూగ బొమ్మల సినిమా ఆడిస్తున్నారు. మాటల సినిమాలొచ్చి ఏళ్లయినా మా దాకా వచ్చింది ఆ అరిగిపోయిన రీలే. గీతలతో గీసిన బుడ్డోడొకడు ఊయల్లోంచి దొర్లి, పాలసీసా చంకన పెట్టుకుని, బాతునెక్కి ఊరేగుతాడు. పోలీసు మీసం పట్టుకుని వేలాడతాడు. వాడు పట్టాల మీద కూర్చుంటే రైలే పక్కకు తప్పుకుంటుంది. చివరికి తల్లి వెతుక్కుంటూ వచ్చి ముద్దులాడుతుంది. ఎప్పుడూ నవ్వని బాపు కళ్లు తుడుచుకుంటూ నవ్వాడు. ఇంట్లో నేనొక చెంబు దొర్లిస్తే వీపు పగిలేది.

తప్పిపోయి దొరికినవాళ్లకే ముద్దులని నాకర్థమైంది. మర్నాడు పొద్దున్నే వెళ్లి పెంటకుప్ప మీద కాళ్లు ముడుచుకుని పడుకున్నాను. ఖాలా చూసి బిత్తరపోయింది.

“గిదేంది బేటీ, లే. పురుగూ పుట్రా ఉంటది.”

“నన్నెత్తుకో ఖాలా. మా అమ్మకు అమ్ము.”

ఆమె నవ్వాపుకుంటూ నన్ను మా వాకిట్లోకి నడిపించుకొచ్చింది. “ఏమమ్మా, గీ పిల్ల నాకు దొరికింది. కొంటవా?”

తమ్ముడికి పాలిస్తున్న అమ్మ తలెత్తలేదు. “నువ్వే ఉంచుకో అక్కా. ఆడపిల్లను ఎవరెత్తుకపోతరు?”

పరాచికమే. కానీ నేను ఖాలా ఇంటికే పోయి కూర్చున్నాను. ఆమె రొట్టె పెడితే తినలేదు. అమ్మ ఏడ్చుకుంటూ వస్తుందని వాకిలి వైపే చూశాను. దీపాలు పెట్టేవేళ దాకా ఎవరూ రాలేదు. చివరికి నేనే లేచి ఇంటికెళ్లాను.

అమ్మ ఊయల ఊపుతూ, “సప్పుడు జేయకు, ఇప్పుడే పండుకున్నడు” అన్నది.