ఇంజను విప్పని బండి

రేణిగుంట రోడ్డు షోరూములో మా అమ్మాయికి బండి చూస్తున్నాను. "అదే వంద సీసీ ఇంజను మేడం, బోరు పెంచి నూట ఇరవై అయిదు చేసినారు" అన్నాడు సేల్స్ అబ్బాయి. కొత్త ఆయిలు వాసనకు చిత్తూరులోని మా చిన్నప్పటి వాకిలి గుర్తొచ్చింది.

నాయన తన పాత వంద సీసీ బండిని అమ్మకానికి పెట్టాడు. చూడడానికి పలమనేరు నుంచి ఒక పాలవ్యాపారి వచ్చాడు.

"ఇంజను విప్పిందే లేదప్పా" అన్నాడు నాయన.

అంతకు కొన్నాళ్ల ముందే మెకానిక్ సిలిండర్‌కు బోరు కొట్టి, అంటే లోపలి రంధ్రాన్ని వెడల్పు చేసి, పెద్ద పిస్టన్ వేయడం నేను చూశాను. పిస్టన్ పెరిగితే బండి స్థాయీ పెరుగుతుందనుకున్నాను. అంత గొప్ప సంగతి నాయన మరిచిపోయాడేమో!

"విప్పినారు! పెద్ద పిస్టన్ ఏసినారు. ఇప్పుడిది నూటయాభై!" అన్నాను.

వ్యాపారి పగలబడి నవ్వాడు. "పాపకు తెలిసింది నీకు తెలీదా అప్పా? అరిగిపోతేనే గదా బోరు కొట్టేది!"

"పాప చెప్పిందే నిజం" అన్నాడు నాయన, తల వంచుకుని. వ్యాపారి బండి కొనకుండానే వెళ్లిపోయాడు.

మెచ్చుకుంటాడేమోనని ఆ సాయంత్రమంతా నాయన చుట్టూ తిరిగాను. తిట్టలేదు, నా ముఖమూ చూడలేదు. కోపమనుకున్నాను. అది సిగ్గని తెలియడానికి, నేనూ నా బిడ్డ ముందు ఒక అబద్ధమాడి దొరికిపోవలసి వచ్చింది.