జోగయ్య ఎడమకాలు

నవ్వితే నవ్వుండ్రి గానీ, గెలిచే ఆటను కుడిచేత్తో గోదారిల కలిపిన మొనగాణ్ని నేనే.

మాది కల్లూరు. భద్రాచలంల డిగ్రీ చదివేటప్పుడు రోజూ సాయంత్రం కబడ్డీ ఆడేటోళ్లం. మాగాణి ఊళ్ల పోరగాళ్లం ఒక జట్టు, అడవి గూడేల కోయ పోరగాళ్లు ఒక జట్టు. ఎవరు పెట్టిన్రో తెల్వదు, మెస్సుల బల్లలు గూడ గట్లనే వేరువేరు. ఆ దిక్కు నుంచి జోగయ్య కూతకొస్తే వాని ఎడమకాలు పట్టుడే నా పని. ఏడాది పొడుగూ అదే పట్టిన. వాని మొఖం ఎన్నడు సరిగ్గ చూడలే గానీ, ఆ కాలు నిద్రల జూపినా గుర్తుపడ్త.

మా గేమ్స్ సారుకు ఇది నచ్చలే. రెండు జట్లను ఒకటి జేసి, "సారపాక జట్టోళ్ల మీద గెలిస్తే యూనివర్సిటీ పోటీలకు పంపుత. ఓడితిరా, మళ్ల ఎవని జట్టు వానిదే" అన్నడు. ఒట్టు, నాకు గెలవాలనే ఉండె. జోగయ్యతోని ఒక్క జట్టుల ఆడుడు బాగనిపించింది గూడ.

ఆఖరి కూత. పాయింట్లు సమానం. జోగయ్య పోయిండు, ఒకణ్ని తాకిండు, గిరుక్కున తిరిగి నడిమి గీత మీదికి దుంకబోయిండు. నా కండ్ల ముందట అదే ఎడమకాలు! ఇంకేముంది, బుర్ర జెప్పకముందే చెయ్యి లేచింది. గీత దాటి పోయి, కాలు దొరకబట్టి, "పట్టిన! రాండ్రా, పట్టిన!" అని అరిచిన. మా జట్టుల ముదిగొండ ఖాసిం గూడ ఉరికొచ్చి నా మీద పడ్డడు. సారపాకోళ్లు నడుముల మీద చేతులేస్కొని మమ్మల్నే చూస్తున్నరు.

"బాబూ, నీది ఏ జట్టు?" రెఫరీ అడిగిండు.

"ఆగుండ్రి సార్" అన్న. నిజంగనే ఆలోచించిన.

కింద నుంచి జోగయ్య మొత్తుకున్నడు: "అరే, నేను మీవాణ్నేరా!"

"అవ్ గదా!" అన్నడు ఖాసిం. "మరెందుకు పట్టినవ్ భాయ్?"

"నువ్వెందుకు పడ్డవ్?"

"నువ్వు పిలిస్తివి గదా!"

నేను గీత దాటినందుకు జోగయ్య తాకింది చెల్లలే, పాయింటు వాళ్లకు పోయింది. ఓడినం. సారు మొఖం కందగడ్డ లెక్కయింది. "ఐపోయింది. రేపటి సంది ఎవని జట్టు వానిదే!" నాకు ఏడుపొక్కటే తక్కువ.

జోగయ్య దుమ్ము దులుపుకుంట లేచిండు. "వద్దు సార్. వీడు ఆ జట్టుల ఉన్నా నన్నే పడ్తడు, ఈ జట్టుల ఉన్నా నన్నే పడ్తడు. ఇగ వేరే జట్టెందుకు?"

సారుకు నవ్వు ఆగలే. జోగయ్యోళ్లు, మావోళ్లు ఒకళ్ల మీద ఒకళ్లు పడి నవ్విన్రు. ఆ పూట మెస్సుల బల్లలు కలిసినయ్. ఎందుకంటరా? నన్ను ఎక్కిరించనీకి!

అందుకే గోదారమ్మ సాక్షిగ ఒట్టేసుకున్న: మొఖం చూడకుండ ఎవ్వరి కాలూ పట్ట. నా పెండ్లిల గూడ పెద్దోళ్ల మొఖాలు తేరిపార చూసినంకనే కాళ్లు మొక్కిన. అక్షింతలెయ్యనీకి జోగయ్య వచ్చిండు. నన్ను చూసుకుంట, ఎడమకాలు మెల్లగ వెనక్కి తీసుకున్నడు.