అంగారకుడికి కామెర్లు

తెలుగులో సైన్సు సినిమాలు ఎందుకు తక్కువని మీరెప్పుడైనా బాధపడ్డారా? ఆ పాపంలో సగం నాది. మిగతా సగం కృష్ణపట్నం దగ్గరి ఒక అవ్వది.

అరవైల మొదట్లో మాట. మనిషి అంతరిక్షంలోకి వెళ్ళొచ్చాడని పేపర్లో చదివి, మా కోవూరు రైసుమిల్లు రెడ్డిగారికి సినిమా పిచ్చి ముదిరింది. నిర్మాతా ఆయనే, దర్శకుడూ ఆయనే. మద్రాసులో కొన్నాళ్ళు స్టూడియోల గేట్ల ముందు కాఫీలు తాగొచ్చిన అర్హతతో రచయితను నేను. అంగారక గ్రహం మనిషి రాకెట్టులో వచ్చి మన సముద్రం ఒడ్డున దిగుతాడు, పల్లెవాళ్ళు హడలిపోయి పరుగెత్తుతారు. ఇదీ మొదటి సీను.

"పరిగెత్తేదానికి మద్రాసు నుంచి మనుషుల్ని పిలిపిద్దామా?" అన్నారు రెడ్డిగారు.

"వద్దండీ! చేపలు పట్టేవాళ్ళ పాళెంలో ఎవరికీ చెప్పకుండా తీద్దాం. భయం సహజంగా వస్తుంది."

బుద్ధి భూములేలుదామంటే రాత గాడిదలు కాయమందట. నా విషయంలో బుద్ధి కూడా గాడిదల పక్షమే చేరింది.

షూటింగు నాటి పొద్దున, అంగారకుడి వేషగాడు, మేం రాత్రికి రాత్రే ఒడ్డున నిలబెట్టిన రేకు రాకెట్టునూ మండే ఎండనూ చూసి, చెప్పాపెట్టకుండా మద్రాసు రైలెక్కేశాడు.

"రాసినోడివి నువ్వే, చేసేదీ నువ్వే," అన్నారు రెడ్డిగారు. "కెమెరా తిరగతా ఉండంగా తెలుగు ముక్క మాట్లాడినావంటే చూడు! ఫిలిం ఊరికే రావడంలా."

ఒళ్ళంతా ఆకుపచ్చ రంగు పూసుకుని రాకెట్టులో దూరాను. రెడ్డిగారు కెమెరాతో సరుగుడు తోపులో నక్కారు. నేను తలుపు తోసి, చేతులు చాచి, సొంతంగా కనిపెట్టిన అంగారక భాషలో గర్జించాను.

"గుబ్రూ జ్బలా!"

వలలు బాగుచేసుకుంటున్నవాళ్ళు తలలెత్తారు. ఒక్కడూ పరుగెత్తలేదు. పోలమ్మ అనే అవ్వ మాత్రం లేచొచ్చి, నా కనురెప్ప లాగి చూసింది.

"అయ్యో, ఎవురు కన్న బిడ్డో! కామెర్లు ముదిరి పచ్చబడిపోయినాడు. మాట గూడా పడిపోయినట్టుండాది!"

కామెర్లవాడికి లోకమంతా పచ్చగా కనిపిస్తుందంటారు. పచ్చగా కనిపించినవాడికి లోకమే కామెర్లు అంటగడుతుందని నాకు ఆరోజే తెలిసింది.

"గుబ్రూ!" అని బెదిరించాను.

"భయపడమాక నాయనా. ఒక్క వాత పెడితే దిగిపోతాది. రేయ్, పట్టుకోండ్రా!"

"జ్బలా! జ్బలా!"

తోపులోంచి రెడ్డిగారు 'భేష్, కానీ' అని సైగ చేస్తున్నారు. నన్ను ఒడిసిపట్టి చేపను ఎండబెట్టినట్టు ఇసుకలో పరిచారు. పొయ్యిలో కాల్చిన ఇనప కడ్డీ ఎర్రగా వస్తోంది. కళను నమ్ముకున్నవాణ్ణి గదా, అంగారక భాష వదల్లేదు. కడ్డీ మణికట్టును తాకింది.

"అమ్మో, సచ్చినానే! నాది కోవూరే!"

పాళెమంతా చప్పట్లు. "మాటొచ్చేసింది! చూసినారా అవ్వ చెయ్యి మహిమ!" అవ్వ కళ్ళు తుడుచుకుని, ఉప్పూ పులుపూ ముట్టొద్దని పథ్యం చెప్పింది.

నేను కట్టు కట్టిన చేత్తో రంగు రుద్ది వదిలించుకుంటుంటే రెడ్డిగారు తీరిగ్గా వచ్చారు.

"ఒకటడగతా, ఏమనుకోమాక అబ్బయ్యా. మనం తీసేది నలుపు తెలుపు సినిమా గదా. ఆకుపచ్చ రంగెందుకు పూసుకున్నావు?"

సముద్రుడి సాక్షిగా అక్కడే ఒట్టు పెట్టుకున్నాను: ఈ జన్మలో భూమి దాటి కథ రాయను! ఆ తర్వాత రాసినవన్నీ అత్తాకోడళ్ళ సినిమాలే. వాటిలో ఎవరెవరికి వాతలు పెట్టినా, కాలేది నా చెయ్యి కాదు.